రెండు కొమ్ముల నక్షత్రం, ఎనిమిది నెలల ఖాళీ

రేడియో దూరదర్శిని దగ్గర ఉద్యోగంలో చేరబోయేవాళ్లు ముందుగా ఒక సంగతి తెలుసుకోవాలి. అక్కడ ఎవరూ నక్షత్రాలను కళ్లతో చూడరు. ఆదిలాబాద్ జిల్లా అడవిలో నేను పదిహేడేళ్లు ఆ పని చేశాను. ఆకాశం వైపు తలెత్తింది ఎక్కువగా వాన వస్తుందా రాదా అని చూడడానికే. మా నక్షత్రం పట్టపగలు కూడా దొరికేది, మబ్బుల్లోంచి కూడా దొరికేది. ఉదయం పదింటికి చాయ్ తాగి కూర్చుని, కదిలే కాగితం మీద పెన్ను గీసే గీతను చూసేవాళ్లం. గీత ఎంత ఎత్తు లేచిందో స్కేలు పెట్టి కొలిచి రిజిస్టర్‌లో రాసేవాళ్లం. ఏళ్ల తరబడి అదే పని.

నా పదోన్నతుల గురించీ, ఆఫీసు ఫైళ్ల గురించీ రాయను. అవి ఏ ఉద్యోగంలోనైనా ఒకటే. నాకు పని నేర్పిన మనుషులు ముగ్గురు, సంఘటనలు రెండో మూడో ఉన్నాయి. వాటిలో పెద్దది నా తప్పు. దాన్ని వదిలేసి మిగతావి రాస్తే ఇది చదివేవాళ్లకు ఉపయోగం ఉండదు.

సలీం భాయ్ దుకాణం

మాది హుస్నాబాద్ దగ్గర వ్యవసాయ కుటుంబం. 1969లో నేను కరీంనగర్‌లో డిగ్రీ చదువుతున్నాను. తెలంగాణ ఉద్యమంతో కాలేజీలు మూతపడ్డాయి. ఇంటికి వెళ్తే బాపు పొలం పనికి పెడతాడని భయపడి పట్నంలోనే ఉండిపోయాను. పొద్దుపోక, బస్టాండు దగ్గర రేడియోలు బాగుచేసే సలీం భాయ్ దుకాణంలో కూర్చోవడం మొదలుపెట్టాను. మూడో రోజు ఆయన నా చేతిలో సోల్డరింగ్ కడ్డీ పెట్టాడు.

"ఊకె కూసోకు. చదువుకున్నోనివి గద, గీ తీగ ఎక్కడ తెగిందో చూడు."

ఒకరోజు ఒక బడిపంతులు తన రేడియో తెచ్చి, స్టేషన్ వాళ్లు ఏదో మార్చినట్టున్నారు, వార్తలు సరిగా రావడం లేదని గట్టిగా వాదించాడు. ఆయన వెళ్లాక సలీం భాయ్ మూత విప్పి, తుప్పు పట్టిన ఒక ముక్క నాకు చూపించాడు.

"అందరు స్టేషన్ ఖరాబైందనే అంటరు బేటా. స్టేషన్ ఖరాబు గాదు. ముందు సెట్టు మీద శక్ చెయ్యి."

ఏడాది చదువు పోయిందని ఇంట్లో బాధపడ్డారు. నాకు మాత్రం ఆ ఏడాదే చదువు దొరికింది. తర్వాత భౌతికశాస్త్రం, ఎలక్ట్రానిక్స్ చదివి ఉద్యోగంలో చేరినా, ఏ పరికరం ముందు కూర్చున్నా మొదట గుర్తొచ్చేది ఆ మాటే, ముందు సెట్టును అనుమానించమని. మంచి మాట. అయితే ఎంత మంచి మాటనైనా అతిగా నమ్మితే ఏమవుతుందో తర్వాత చెబుతాను.

పళ్లెం దగ్గర

మా కేంద్రం ఉట్నూర్ నుంచి జీపులో గంట దూరం. డెబ్బైల చివర్లో కట్టారు. చుట్టూ గుట్టలు, దరిదాపుల్లో కార్ఖానా లేదు, కరెంటు తీగలు తక్కువ. రేడియో పనికి అలాంటి చోటే కావాలి. పది మీటర్ల వెడల్పు లోహపు పళ్లెం, దాని పక్కన యంత్రాల గది, జనరేటర్, నాలుగు క్వార్టర్లు, ఒక వంటగది. మొత్తం ఏడుగురం. కేంద్రానికి ఇన్‌చార్జిని నేను.

శాస్త్ర విషయాలకు పెద్ద సుమతీబాయి గారు. ఆదిలాబాద్ పట్నంలో పుట్టి పెరిగిన మనిషి. హైదరాబాద్‌లో ఉండి నెలకోసారి వచ్చి మా రిజిస్టర్ తీసుకెళ్లేవారు. కోపం వచ్చినా సంతోషం వచ్చినా ఆ పక్క వాళ్లకు అలవాటైన మరాఠీ మాట "బర్" అని ఊరుకునేవారు. బర్ అంటే సరే. అది ఏ బర్ అన్నది మేమే అర్థం చేసుకోవాలి.

మేం వినేది మేజర్ అనే రకం సంకేతం. లేజర్ అందరికీ తెలుసు. అదే పని వెలుగుతో కాకుండా రేడియో తరంగాలతో జరిగితే మేజర్. మనుషులు దాన్ని ప్రయోగశాలలో కష్టపడి తయారుచేశారు. తీరా చూస్తే ఆకాశంలో అది తనంతట తానే జరుగుతోంది. అరవైల్లో మొదటిసారి దొరికినప్పుడు ఇదేం పదార్థమో తెలియక శాస్త్రవేత్తలే పరేషాన్ అయ్యారట. మామూలు వాయువు అంత సన్నగా, అంత గట్టిగా ఒకే చోట పలకదు మరి.

ఎలా జరుగుతుందంటే, ముసలిదైపోయిన నక్షత్రం ఉబ్బి తన చుట్టూ ధూళినీ వాయువునూ ఊదుతుంది. అది పెద్ద బుడగలా నక్షత్రం చుట్టూ వ్యాపిస్తూ పోతుంది. ఆ బుడగలో హైడ్రాక్సిల్ అణువులుంటాయి. నీటిలోంచి ఒక హైడ్రోజన్‌ను తీసేస్తే మిగిలేది అదే. నక్షత్రపు వేడి వాటికి శక్తినిచ్చి నిలబెడుతుంది. అటుగా ఒక చిన్న రేడియో తరంగం వచ్చిందంటే ఆ అణువులన్నీ తమ శక్తిని దానికే ఇచ్చేస్తాయి. తరంగం పోయేకొద్దీ పెరుగుతుంది. అలా పెరిగిందే ఇంత దూరంలో ఉన్న మా చిన్న పళ్లెంలో కూడా పడేది.

మా కాగితం మీద అది రెండు కొమ్ముల్లా కనిపించేది. బుడగలో మన వైపు గోడ మన దగ్గరికి వస్తుంది, అవతలి గోడ దూరంగా పోతుంది. అందుకే ఒక కొమ్ము ఎడమన, ఒకటి కుడిన. ఎడమది మన వైపు గోడ, కుడిది అవతలి గోడ. నక్షత్రం దాదాపు రెండేళ్లకోసారి వేడెక్కి చల్లారేది. దాన్ని బట్టి కొమ్ములూ లేచి దిగేవి. ఆ లేవడం, దిగడం రోజూ రాయడమే మా పని.

"కొమ్ములు" అని పేరు పెట్టింది ఓదెలు. గోదావరిఖనిలో బొగ్గు కార్మికుడి కొడుకు. రేడియో మెకానిక్ శిక్షణ పొంది, కొన్నేళ్లు గనిలో టెలిఫోన్లూ గాలి మీటర్లూ చూసే పని చేసి మా దగ్గరికి వచ్చాడు. అప్పటికి ముప్పై దాటాయి. ఆపరేటర్ ఉద్యోగం, అదీ తాత్కాలికం. ఏటా నేను మంచి రిపోర్టు రాస్తేనే ఇంకో ఏడాది కొనసాగేది. ఈ సంగతి గుర్తుంచుకోండి. కింద పనిచేసేవాడి అన్నం మన సంతకంలో ఉన్నప్పుడు అతను మనతో విభేదించాడంటే, దానికి చాలా బలమైన కారణం ఉండి ఉంటుంది. నాకది అప్పట్లో తట్టలేదు.

గడియారం

ఎనభైల మొదట్లో సుమతీబాయి గారి పరిశోధక విద్యార్థి ఒకతను వచ్చి నెల రోజులున్నాడు. ఎవరూ చూడని దిక్కున పళ్లెం తిప్పి వెతుకుతుంటే, ఒకరోజు సూదిలాంటి గీత ఒకటి లేచింది. కొత్త మేజర్ దొరికిందని ఎగిరి గంతేశాడు. ఉట్నూర్ వెళ్లి టెలిగ్రాం ఇస్తానని జీపు ఎక్కాడు.

నేను తాళంచెవి తీసుకున్నాను. "రెండు వారాలు ఆగు తమ్మీ."

"అప్పటిదాక ఇంకెవరన్న చెప్పేస్తే?"

"చెప్పనీ. ముందు మన సెట్టు సంగతి చూద్దాం."

పళ్లెం పక్కకు తిప్పితే గీత ఒకసారి తగ్గింది, ఇంకోసారి తగ్గలేదు. దానితో తేలలేదు. కానీ ఇంకో పరీక్ష ఉంది. భూమి సూర్యుడి చుట్టూ తిరుగుతుంది కాబట్టి, ఆకాశం నుంచి వచ్చే ఏ సంకేతమైనా కొన్ని రోజుల్లో కాగితం మీద కొద్దిగా పక్కకు జరగాలి. రెండు వారాలు చూశాం. ఆ గీత వెంట్రుకవాసి జరగలేదు. అంటే అది మనతోపాటే భూమి మీద ఉంది. గదిలోని పరికరాలు ఒక్కొక్కటే ఆపుతూ వచ్చాం. గోడకు కొత్తగా పెట్టిన ఎర్ర అంకెల గడియారం తీగ లాగగానే గీత మాయమైంది.

సుమతీబాయి గారు విని, "బర్. మంచి పని చేసినవ్ తిరుపతిరెడ్డీ" అన్నారు. ఆమె నోట నేను విన్న మొదటి మెచ్చుకోలు అది. నిజం చెప్పాలంటే ఆ మాట నా తలకెక్కింది. యంత్రం ఎప్పుడు అబద్ధం చెబుతుందో నాకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదని నమ్మడం మొదలుపెట్టాను.

నేను దిద్దిన అంకెలు

ఎనభైల మధ్యలో ఒక ఎండాకాలం చివర కేంద్రం మీద పిడుగు పడింది. కొమ్ముల ఎత్తును పెన్నుకు అందించే ఎలక్ట్రానిక్ బోర్డులు సగం కాలిపోయాయి. పాతవి మొరటువి, వాటి మీద కొలత రోజుకో రకంగా ఊగేది. వాటి స్థానంలో మంచి బోర్డులు వచ్చాయి. కొత్త బోర్డుల మీద నాకు ఇంకా నమ్మకం కుదరలేదు.

రెండు నెలలకు ఓదెలు కాగితం పట్టుకుని నా టేబుల్ దగ్గరికి వచ్చాడు.

"సార్, ఎడమ కొమ్ము దిగుతున్నది. కుడిది అట్లనే నిలవడ్డది."

"కుడి దిక్కు బోర్డులు ఎక్కువ చూపెడుతున్నయి."

"నేను గూడ గట్లనే అనుకున్న సార్. నిన్న పళ్లెం ఖాళీ ఆకాశం దిక్కు తిప్పి పరీక్ష పెట్టిన. రెండు దిక్కుల ఒక్కతీరే చూపెట్టినయి. బోర్డులు మంచిగనే ఉన్నయి."

"ఒక్కనాడు చూస్తే ఏం తెలుస్తది? గది వేడికి రోజుకో తీరు మారుతయి."

అప్పుడు నా తలలో ఉన్న లెక్క ఇది. రెండు కొమ్ములనూ వేడెక్కించేది ఒకే నక్షత్రం. కాబట్టి రెండూ కలిసే లేవాలి, కలిసే దిగాలి. పాత బోర్డుల మీద ఇన్నేళ్ల సగటు తీస్తే కుడిది ఎడమదానిలో ఐదింట నాలుగు వంతులు వచ్చేది. ఇప్పుడు అలా రావడం లేదంటే తప్పు సెట్టుదే. అందుకని రోజూ ఎడమ కొమ్ము కొలిచి, కుడి కొమ్ము దగ్గర దానిలో ఐదింట నాలుగు వంతులు లెక్కగట్టి రాయమన్నాను. దాన్ని నేను దిద్దడం అన్నాను. అప్పుడు మనస్ఫూర్తిగా అలాగే అనుకున్నాను కూడా.

ఓదెలు నేను చెప్పింది రాశాడు. కానీ పక్కన అంచులో, తాను కొలిచిన అసలు అంకెను కూడా చిన్నగా రాస్తూ వచ్చాడు. రిజిస్టర్ చూసి నాకు మండిపోయింది.

"పైకి పోయే రిజిస్టర్‌ల గీ గీతలేంది? రెండు అంకెలు చూస్తే మనకే తెలివి లేదనుకోరా?"

"కొట్టేయకుండ్రి సార్. పక్కకు ఉండనీయుండ్రి. రేపు అవసరమొస్తే?"

"నువ్వు నాకు నేర్పుతవా?"

అప్పుడు చాయ్ వేళ. డ్రైవర్, వంటాయన, వాచ్‌మన్, అందరూ వరండాలో ఉన్నారు. వాళ్ల ముందే ఆ పేజీలు చింపి కొత్తగా రాయమన్నాను. ఓదెలు రాయనన్నాడు. గొంతు పెంచలేదు. "నాతోని గాదు సార్" అని మాత్రం అన్నాడు. ఆ పేజీలు నేనే రాసి, రిజిస్టర్ నా దగ్గరే పెట్టుకున్నాను. మరునాడు నిర్లక్ష్యం, అవిధేయత అని మెమో టైప్ చేయించి నోటీసు బోర్డు మీద పెట్టించాను. ఏడాది చివర రిపోర్టులో కూడా అదే రాశాను. ఉద్యోగం కొనసాగలేదు. భార్యనూ ఇద్దరు పిల్లలనూ తీసుకుని ఓదెలు గోదావరిఖని వెళ్లిపోయాడు. జీపు ఎక్కేటప్పుడు నాకు నమస్కారం పెట్టాడు. నేను తల ఊపి లోపలికి వెళ్లాను.

తర్వాత ఆ పని నేనే చేశాను. గీతల కాగితాలు గదినిండా పేరుకుపోయి చెదలు పడుతుంటే, ఉట్నూర్ ఆశ్రమ పాఠశాల హెడ్మాస్టరు అడిగాడని కట్టలు కట్టి ఇచ్చేశాను. వెనక వైపు తెల్లగా ఉంటుంది, పిల్లలు లెక్కలు చేసుకుంటారు. అంకెలు రిజిస్టర్‌లో ఉన్నాయి కదా అనుకున్నాను.

బడి వరండా

నేను దిద్దడం మొదలుపెట్టి ఎనిమిది నెలలైనప్పుడు సుమతీబాయి గారు చెప్పకుండా వచ్చారు. సంచిలోంచి రిజిస్టర్ నకలు తీసి బల్ల మీద పెట్టారు.

"తిరుపతిరెడ్డీ, గీ ఎనిమిది నెలలు కుడి కొమ్ము సరిగ్గ ఐదింట నాలుగొంతులే ఉన్నది. ఒక్కనాడన్న అటు ఇటు లేదు. నక్షత్రం సంగతి పక్కకు పెట్టు. మన పెన్నన్న జర ఊగాలె గద?"

"నేను దిద్దిన మేడం. బోర్డులు తప్పు చూపెడుతున్నయని."

ఆమె నకలు మూసి పక్కకు జరిపారు. తర్వాత ఒక కాగితం మీద గుండ్రంగా బుడగ గీసి, మధ్యలో నక్షత్రం పెట్టి, దూరంగా మా పళ్లెం గీశారు.

"నక్షత్రం వేడెక్కింది. ఆ వేడి బుడగ ముందటి గోడకు, వెనుక గోడకు ఒక్కసారే చేరుతది. బర్. ముందటి గోడ నుంచి సంకేతం సీదా మన దగ్గరికి వస్తది. మరి వెనుక గోడది?"

"బుడగ మొత్తం దాటి రావాలె."

"వస్తే ఎప్పుడొస్తది?"

"ఆలస్యంగ."

"ఎంత ఆలస్యమో గదే బుడగ వెడల్పు. వేరే దేశపోళ్లు వేరే నక్షత్రాలకు గిట్లనే కొలిచిండ్రు. మన నక్షత్రానిది కూడ దొరుకుతదని నేను ఉరికొచ్చిన. చూస్తే ఆలస్యమే లేదు."

ఆలస్యం లేకపోవడానికి కారణం నేను. కుడి కొమ్మును నేనే రోజూ ఎడమ కొమ్ముకు కట్టేశాను. ఏళ్లుగా మేం వెతకాల్సింది ఏదైతే ఉందో, అది కొత్త బోర్డుల మీద మొదటిసారి కనిపించింది. నేను దాన్ని సెట్టు తప్పు అనుకుని చెరిపేశాను.

"అసలు కాగితాలు ఏవి?" అన్నారు ఆమె.

చెప్పాను. పావుగంటలో జీపు ఉట్నూర్ దారిలో ఉంది.

బడిలో సగం కాగితాలు అప్పటికే పొయ్యిలోకి పోయాయి. కొన్నిటి మీద ఎక్కాలున్నాయి, కొన్నిటి మీద పులి బొమ్మలు. చాలావరకు పుస్తకాలకు అట్టలుగా ఎక్కాయి. పిల్లలు అట్టలు విప్పడానికి ఒప్పుకోలేదు. సుమతీబాయి గారు బజారు నుంచి గోధుమరంగు అట్ట కాగితాలు తెప్పించి, బడి వరండాలో కింద కూర్చుని ఒక్కో పుస్తకానికి కొత్త అట్ట వేసి, పాతది తీసుకున్నారు. నేను కత్తెర పట్టుకుని పక్కన కూర్చున్నాను.

ఓదెలు ప్రతి కాగితం అంచున తేదీ, గంట రాసేవాడు. నేను దిద్దడం మొదలుపెట్టాక అతను తీసినవి పంతొమ్మిది దొరికాయి. నేను నడిపిన నెలలవి కూడా దొరికాయి కానీ, నేను కాగితం చుట్ట మొదట్లో ఒక్కచోటే తేదీ వేసేవాణ్ని. ముక్కలు చేశాక అవి ఎప్పటివో ఎవరూ చెప్పలేరు.

పంతొమ్మిదింటినీ తేదీల వరసన పరిచి స్కేలు పెట్టి కొలిచాం. ఎడమ కొమ్ము దిగుతుంటే కుడిది ఆగి, ఆ తర్వాత దిగింది. ఎంత ఆలస్యమో తేల్చడానికి ఆ పంతొమ్మిదీ చాలవు. ఓదెలు చూసింది నిజమని చెప్పడానికి మాత్రం చాలు.

సుమతీబాయి గారు స్కేలు కింద పెట్టారు. "ఓదెలు ఎందుకు పోయిండు?"

అది కూడా చెప్పాను. చించిన పేజీలు, మెమో, రిపోర్టు, అన్నీ. ఆమె తిడతారనుకున్నాను. తిట్టలేదు.

"పోయి తీసుకరా. జీపు ఇయ్య. బస్సుల పో" అన్నారు.

గోదావరిఖని

ఓదెలు బొగ్గు కంపెనీ క్వార్టర్లలో ఒక కాంట్రాక్టరు దగ్గర కరెంటు వైరింగ్ పని చేస్తున్నాడు. నేను వెళ్లేసరికి నిచ్చెన మీద ఉన్నాడు. కింద నిలబడి పిలిచాను. దిగి, చేతులు తుడుచుకున్నాడు.

"నువ్వు చూసిందే నిజం ఓదెలూ. బోర్డులు మంచిగనే ఉన్నయి. తప్పు నాది."

వెనక గోడ, ఆలస్యం, అన్నీ చెప్పాను. శ్రద్ధగా విన్నాడు. మొదట అడిగిన మాట ఉద్యోగం గురించి కాదు.

"కాగితాలు ఎన్ని దొరికినయి సార్?"

"పంతొమ్మిది."

"గా నెలలల్ల నేను తీసినయే నూటికి మీదుంటయి." చేతిలోని గుడ్డ నిచ్చెన మీద వేశాడు. "గనిల గాలి మీటరు ఏం చూపెడితే గదే రాస్తం సార్. మంచిగుంటదిలే అనుకొని మనం రాస్తే, లోపటికి పోయినోళ్లు బయటికి రారు. గా పని నేర్చుకొని వచ్చినోణ్ని. మీరు చెప్పినట్టు రాసుడు నాకు చేతగాలే."

"మళ్ల రా."

"ఉద్యోగం ఇస్తే వస్త. గాని మీరు నన్ను నలుగురి ముందట అన్నరు. తప్పు మీదని గా నలుగురి ముందటనే అనాలె. నా రిపోర్టుల రాసింది గూడ తీసేయాలె."

"సరే."

"ఇంకోటి. నా అంకెల మీద మీ పెన్ను పెట్టొద్దు. మీకు శక్ ఉంటే వేరే కాగితం మీద రాసుకోండ్రి."

దానికీ ఒప్పుకున్నాను. రిపోర్టు మార్పించడానికి హైదరాబాద్ ఆఫీసు చుట్టూ నాలుగు నెలలు తిరగాల్సి వచ్చింది. రాసిన ఇన్‌చార్జే తన రిపోర్టు తప్పంటున్నాడంటే వాళ్లకు నా మతి మీద అనుమానం వచ్చింది. ఓదెలు తిరిగి వచ్చిన రోజు చాయ్ వేళకు వరండాలో అందరి ముందూ నేను రాసుకున్న కాగితం చదివాను. చదవడం అయ్యాక వంటాయన అందరికీ చాయ్ పోశాడు. ఓదెలు గ్లాసు పట్టుకుని యంత్రాల గదిలోకి వెళ్లిపోయాడు. ఆ రోజు రీడింగు ఇంకా మిగిలి ఉంది.

ఇన్‌చార్జిలకు ఒక మాట. మీ కింద పనిచేసేవాడితో ఏకాంతంలో తప్పు ఒప్పుకోవడం సులువు. నలుగురి ముందు చేసిన అవమానానికి అది సరిపోదు.

ఆలస్యం

నక్షత్రం మన కోసం ఆగదు. ఓదెలు తిరిగొచ్చేలోగా కొమ్ములు అడుగు దాటి లేవసాగాయి. ఆలస్యం బాగా తేలేది ఆ మలుపులోనే కాబట్టి, మళ్లీ దిగి అడుగుకు చేరేదాకా దాదాపు రెండేళ్లు కాచుకున్నాం. ఈసారి పద్ధతి మార్చాం. ఓదెలు కొలుస్తాడు, నేను ముట్టుకోను. వారానికి మూడుసార్లు బోర్డుల పరీక్ష మాత్రం నేను చేసి, దాన్ని వేరే పుస్తకంలో రాస్తాను. రెండూ సుమతీబాయి గారికి వేర్వేరుగా పోతాయి.

కొమ్ములు అడుగుకు చేరి కొన్ని వారాలు కదలకుండా ఉన్నాయి. ఒక ఉదయం ఓదెలు, "ఎడమది లేస్తున్నది సార్" అన్నాడు. కుడిది లేవలేదు. వారం గడిచింది, రెండు వారాలు గడిచాయి. ఎడమది స్పష్టంగా పైకి పోతోంది. కుడిది ఉన్నచోటే ఉంది. కారణం తెలిసి కూడా నా చేయి బోర్డుల వైపే పోయేది. వాటిని వారానికి మూడుసార్లకు బదులు రోజూ పరీక్షించాను. ఏ తప్పూ లేదు. అలవాటు మనిషిని ఎంత గట్టిగా పట్టుకుంటుందో అప్పుడు తెలిసింది.

దాదాపు నెల తర్వాత కుడి కొమ్ము కదిలింది. మొదట ఊగిసలాట అనుకున్నాం. ఇంకో వారానికి అనుమానం పోయింది.

"వచ్చేసింది సార్ వెనుకది," అన్నాడు ఓదెలు.

అన్నేళ్లు నాకు ఆ నక్షత్రం కాగితం మీద రెండు గీతలు మాత్రమే. ఆ ఉదయం మొదటిసారి దానికి ముందూ వెనకా ఉన్నాయని నాకు లోపల తెలిసింది. సూర్యుడి వెలుగు మన దాకా రావడానికి ఎనిమిది నిమిషాలు పడుతుంది. ఆ బుడగను ఈ చివర నుంచి ఆ చివర దాకా దాటడానికి వెలుగుకు నెల పట్టింది. అంత పెద్ద వస్తువు వెడల్పును మేం అడవిలో కూర్చుని, స్కేలుతో కాగితం కొలిచి తెలుసుకున్నాం. ఇంకోచోట పెద్ద దూరదర్శినులు ఆ బుడగ ఆకాశంలో ఎంత చిన్నగా కనిపిస్తుందో కొలిచాయి. అసలు వెడల్పు, కనిపించే వెడల్పు రెండూ తెలిస్తే అది ఎంత దూరంలో ఉందో లెక్క వస్తుంది. మేజర్ల వల్ల శాస్త్రానికి జరిగే పెద్ద మేలు అదే. చేరలేని చోటికి అవి కొలబద్ద అవుతాయి.

సుమతీబాయి గారు రెండు గీతలనూ పారదర్శక కాగితాల మీద గీసి, ఒకదానిపై ఒకటి పెట్టి జరిపి చూశారు. కుడిదాన్ని ముప్పై రోజులు వెనక్కి జరిపితే ఎడమదాని మీద సరిగ్గా కూర్చుంది. "బర్" అన్నారు. ఆ బర్ అర్థం మాకు తెలిసింది. ఆమె ఓదెలు వైపు చూసి అన్నారు కాబట్టి.

వ్యాసంలో ఒక వాక్యం

1990 ప్రాంతంలో ఆ ఫలితం వ్యాసంగా వచ్చింది. ఇతర నక్షత్రాలకు ఇతరులు ముందే చేశారు కాబట్టి పెద్ద పేరేమీ రాలేదు. రచయితలుగా సుమతీబాయి గారి పేరు, నా పేరు వేశారు. ఓదెలు పేరు చివర కృతజ్ఞతల్లో ఉంది. ఆపరేటర్ల పేర్లు రచయితల్లో వేసే ఆనవాయితీ లేదని పై ఆఫీసు అంది. అది అన్యాయమని నాకు అప్పుడే తెలుసు. ఒకసారి అడిగి ఊరుకున్నాను. రెండోసారి అడగాల్సింది. ఇప్పుడు ఎంత రాసినా అది సరికాదు.

వ్యాసం పంపేముందు సుమతీబాయి గారు చిత్తుప్రతి పట్టుకుని కేంద్రానికి వచ్చారు. కొమ్ముల గ్రాఫులో ఎనిమిది నెలలు ఖాళీగా ఉన్నాయి. ఆ ఖాళీకి కారణం రాయాలి. సంస్థ పెద్దలు ఆమెకు ఒక సలహా ఇచ్చారట. పిడుగు వల్ల యంత్రం చెడిపోయిందని రాస్తే సరిపోతుందని. పిడుగు పడిన మాట నిజమే కాబట్టి ఎవరూ తప్పు పట్టరు.

"నేను ఇంకో తీరు రాసిన. నువ్వు చదువు. వద్దంటే పిడుగు రాస్త. నీ పేరు కూడ ఉన్నది గద దీని మీద" అన్నారు.

ఇంగ్లిషులో ఉన్న ఆ వాక్యం అర్థం ఇది. ఈ కాలపు కొలతలను కేంద్రంలో సిబ్బంది దిద్దినందువల్ల వాటిని వాడలేదు.

నేను రెండుసార్లు చదివాను. ఓదెలు పక్క గదిలో కాగితం చుట్ట మారుస్తున్నాడు. పెన్ను అడిగి తీసుకున్నాను. 'సిబ్బంది' అన్నచోట 'ఇన్‌చార్జి' అని రాశాను. 'దిద్దినందువల్ల' అన్నది కొట్టేసి 'మార్చినందువల్ల' అని రాశాను.

ఆమె చూసి, కాగితం మడిచి సంచిలో పెట్టుకున్నారు. అది అలాగే అచ్చయింది.